భానుమతి గారిని ఏ అరలో పెట్టాలి?

పుస్తకాలపురుగు
మా అపార్ట్‌మెంట్ క్లబ్‌హౌస్‌లో చిన్న లైబ్రరీ పెడుతున్నాం. ఎవరింట్లో అటకెక్కిన పుస్తకాలు వాళ్లు తెచ్చి ఇచ్చారు. సర్దే పని నా నెత్తిన పడింది. "అత్తగారి కథలు" హాస్యం అరలో పెట్టాను. మర్నాడు చూస్తే అది సినిమా పుస్తకాల మధ్య ఉంది. అడిగితే ఒక పెద్దాయన "భానుమతి రాసిందే కదమ్మా, సినిమావాళ్ల పుస్తకం" అన్నారు. "నాలో నేను" అంటే ఆత్మకథ, అది సినిమా అరలో ఉంటే నాకేం అభ్యంతరం లేదు. ఈ కథల్లో సినిమా ఎక్కడుంది? ఆవిడని ముందు రచయిత్రి అనాలా, నటి అనాలా? తలా ఒక మాట వేయండి.

మిరపబజ్జీ
ఆగండాగండి. మంగమ్మగారి మనవడులో బామ్మ గారు పుస్తకాలు రాశారా?

పాతపాటలపిచ్చి
మిరపబజ్జీ గారూ, మీ తరానికి ఆవిడ బామ్మ దగ్గరే మొదలవుతారు, మీ తప్పు కాదు. ఆ సినిమా 1984లో వచ్చింది. అప్పటికే ఆవిడ సినిమాల్లోకి వచ్చి నలభై అయిదేళ్లు.

మొదలు 1939, "వరవిక్రయం". కాళ్లకూరి నారాయణరావు గారి నాటకమే కథ. సి. పుల్లయ్య గారు కలకత్తాలో తీశారు. కట్నానికి కొన్న పెళ్లి భరించలేక బావిలో దూకి చచ్చిపోయే కాళింది వేషం. అప్పటికి ఈవిడ పదమూడేళ్ల పిల్ల. ఒంగోలు దగ్గర దొడ్డవరం ఊరు, తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య గారు సంగీతం తెలిసినవాడు. కూతురు పాట పాడితే చాలనుకున్న మనిషి. హీరో మా అమ్మాయి మీద చెయ్యి వెయ్యకూడదని షరతు పెట్టి మరీ పంపించారంటారు. "కృష్ణప్రేమ" షూటింగులో సహాయ దర్శకుడు పి.ఎస్. రామకృష్ణారావు గారిని ఇష్టపడి 1943లో పెళ్లి చేసుకున్నారు. ఇక సినిమాలు వద్దు, సంసారం చాలు అనుకున్నారు కూడా.

అనుకున్నట్టే ఇంట్లో ఉండిపోయుంటే మనకి "స్వర్గసీమ" లేదు. బి.ఎన్. రెడ్డి గారు పట్టుబట్టి తీసుకొచ్చారు. వీధిలో ఆడిపాడే సుబ్బి, నాటకాల సుజాతాదేవిగా మారి ఒక సంసారాన్ని కూల్చేస్తుంది. "ఓహో పావురమా" వినండి, ఆ గొంతులో ఉన్న వగలు ఇప్పటి మైకుల్లో కూడా పలకవు. పెళ్లయిన కొత్తలో, పరువుగల ఇంటి కోడలు, అలాంటి వేషానికి ఒప్పుకోవడం 1945లో చిన్న విషయం కాదు.

సాలిగ్రామం పాతకాపు
చెన్నైలో పుట్టి పెరిగినవాణ్ని. మా ఏరియాలో భరణి స్టూడియో అంటే ఆటోవాడికి అడ్రసు చెప్పక్కర్లేదు. భరణి వాళ్లబ్బాయి పేరు. ముందు భరణి పిక్చర్స్, తర్వాత స్టూడియో. "రత్నమాల", "లైలా మజ్ను", "ప్రేమ", "చండీరాణి", "విప్రనారాయణ", "బాటసారి", అన్నీ ఆ సంస్థవే. మొగుడు డైరెక్టరు, పెళ్లాం హీరోయిను, ఇద్దరూ నిర్మాతలు.

మీరు నటా, రచయిత్రా అంటున్నారు. మా నాన్నగారి తరం వాళ్లు ఆవిడని "స్టూడియో ఓనరమ్మ" అనేవారు. ఆ అర కూడా పెట్టండి మీ లైబ్రరీలో.

పుస్తకాలపురుగు
పెద్దాయన నన్ను బతకనివ్వరు :)

అడ్డంగా మాట్లాడేవాడు
అందరూ పొగుడుతున్నారు కాబట్టి నేను అడ్డం వస్తాను, పేరు నిలబెట్టుకోవాలిగా. ప్రశ్న ఒక్కటే: "అత్తగారి కథలు" మీద రచయిత్రి పేరు భానుమతి కాకుండా ఏ సీతామహాలక్ష్మో ఉండి ఉంటే ఇన్ని ముద్రణలు పడేవా? స్టారు కాబట్టి చదివారు. పైగా ఆవిడ పొగరు సంగతి ఎవరూ ఎత్తట్లేదు. "మిస్సమ్మ" ఎందుకు పోయింది చేతిలోంచి?

కాంతం గారి చుట్టం
అడ్డంగా గారికి పుస్తకం సంగతి నేను చెప్తాను, మిస్సమ్మ సంగతి ఇంకెవరైనా చూసుకోండి.

స్టారు రాసిందని మొదటిసారి కొంటారు, నిజమే. స్టారు పోయాక, ఆ స్టారు సినిమాలు చూడని వాళ్లు కూడా కొంటున్నారంటే దానికి వేరే కారణం ఉండాలి. ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ ఆ పుస్తకానికి బహుమతి ఇచ్చింది, అది మొహం చూసి ఇచ్చారని కూడా అంటారేమో.

ఇంటి హాస్యం మనకి కొత్త కాదు. మునిమాణిక్యం వారి కాంతం కథలు ముందే ఉన్నాయి. కానీ అక్కడ కథ చెప్పేది మొగుడు. నవ్వు పుట్టేది భార్య మాటల్లోంచి, చేతల్లోంచి. ఎంత ప్రేమగా చెప్పినా చూసే కన్ను మగవాడిది. భానుమతి గారు ఆ కుర్చీలో కోడల్ని కూర్చోబెట్టారు. కోడలు చూస్తుంది, అత్తగారు నడిపిస్తుంది, మావారు మధ్యలో తప్పించుకు తిరుగుతారు. వంటిల్లు, పెరడు, పాడి, మడి, పనివాళ్లు, వచ్చేపోయే బంధువులు, వీళ్లందరి మీదా అత్తగారి పెత్తనం. "అత్తగారూ ఆవకాయా" చదవండి. ఆవకాయ పెట్టడం అనే పనిని ఒక దండయాత్రంత హడావిడి చేసి చూపిస్తారు.

ఇంకో సంగతి. అప్పటి మన సినిమాల్లో అత్తగారంటే ఎవరు? సూర్యకాంతం గారు. ఎడంచెయ్యి ఆడిస్తూ కోడల్ని రాచి రంపాన పెట్టే మనిషి. జనం ఆవిణ్ణి చూసి నిజంగానే భయపడేవాళ్లు. అదే సినిమా పరిశ్రమలో ఉంటూ, ఈవిడ కాగితం మీద ఇంకో అత్తగారిని తయారుచేశారు. మొండిది, అమాయకురాలు, అన్నీ నాకు తెలుసనుకుంటుంది, ఎవరు పడితే వాళ్లు బుట్టలో వేసేస్తారు, మనసు వెన్న. కోడలు అత్తగారిని చూసి నవ్వుతుంది గాని ఎక్కడా తక్కువ చేసి మాట్లాడదు. సినిమా కథకి పనికిరాని అత్తగారు ఈవిడ. విలనీ లేదు, కన్నీళ్లు లేవు. అందుకే అది సినిమా పుస్తకం కాదు అంటాను.

అడ్డంగా మాట్లాడేవాడు
కాంతం గారి చుట్టం, కోడలి కన్ను అనే మాట బాగుంది. అయినా నా పేచీ పూర్తిగా పోలేదు. ఆ ఇల్లు బాగా కలిగినవాళ్ల ఇల్లు. మడి ఆచారాలు నవ్వులాటగా కనిపించాలంటే వాటి దెబ్బ తగలని చోట కూర్చోవాలి. పనివాళ్ల వైపు నుంచి ఆ కథ చెప్తే అంత సరదాగా ఉండదు.

ఓరుగల్లు పిల్ల
అడ్డంగా అన్న చెప్పింది ఇది మాత్రం కరెక్టే. మా ఇంట్ల మడి లేదు, ఆవకాయ కోసం అంత హంగామా లేదు. ఫస్టు చదివినప్పుడు వేరే దేశం కథ చదివినట్టే అనిపించింది. కానీ మా నాయనమ్మకు చదివి వినిపిస్తే పడీ పడీ నవ్వింది. "మా అత్త గూడ గిట్లనే ఉండేది" అన్నది. కులం వేరే, ఊరు వేరే, తిండి వేరే. పెత్తనం చేసే ముసలమ్మ మాత్రం అన్ని ఇండ్లల్ల ఒక్కటే గదా.

"అత్తగారూ నక్సలైట్లూ" అని ఒక కథ ఉన్నది చూసిండ్రా? ఆ పేరు చూసే నేను పుస్తకం తీసిన. ఆ అత్తగారిని ఆ మాట పక్కన పెట్టాలంటే ఎంత ధైర్యం ఉండాలె!

డల్లాస్ బావ
మిస్సమ్మ గురించి ఎవరూ రాలేదు కాబట్టి నేను. ముందు మిస్సమ్మ వేషం భానుమతి గారిదే. కొన్ని రీళ్లు తీశారు కూడా. సావిత్రిది రెండో హీరోయిన్ వేషం. నిర్మాత చక్రపాణి గారికీ ఈవిడకీ చెడింది. వరలక్ష్మీవ్రతం రోజు సెట్టుకి ఆలస్యంగా వచ్చారని, క్షమాపణ ఉత్తరం రాసివ్వమన్నారని, ఈవిడ ఇవ్వనన్నారని మనవాళ్లు చెప్పుకునే కథ. సావిత్రి పైకి జరిగి మిస్సమ్మ అయింది, సావిత్రి వేషంలోకి జమున వచ్చింది. 1955లో సినిమా వచ్చాక సావిత్రి ఎక్కడికెళ్లిందో చెప్పక్కర్లేదు. ఎంత నష్టం భానుమతికి!

సాలిగ్రామం పాతకాపు
బావగారూ, నష్టం అని మీరంటున్నారు. ఆవిడ ఎక్కడా ఏడ్చినట్టు లేదు. సావిత్రి లాంటి నటి పైకొచ్చింది కదా అని సంతోషించారని చెప్తారు.

ఈ కథ చెప్పేవాళ్లందరూ ఒక ముక్క వదిలేస్తారు. ఆ గొడవ జరిగేనాటికి ఆవిడ హీరోయిను మాత్రమే కాదు. 1953లో "చండీరాణి" వచ్చింది. తెలుగు, తమిళం, హిందీ, మూడు భాషల్లో. డైరెక్షన్ ఆవిడే, రెండు వేషాలు ఆవిడవే, పాటలు ఆవిడవే, కంపెనీ ఆవిడది. ఎన్టీఆర్ హీరో. అప్పటికి ఆవిడకి ముప్పై కూడా నిండలేదు. అంటే చక్రపాణి గారు ఉత్తరం అడిగింది సాటి నిర్మాతని. సాటి నిర్మాత ఒక గంట ఆలస్యంగా వస్తే క్షమాపణ రాసివ్వమంటారా? అనరు. హీరోయిన్ని అంటారు. ఆవిడ ఇవ్వననడం పొగరుగా కనిపించిందంటే, ఆవిడ ఎవరో ఆవిడకి తెలుసు, ఎదుటివాళ్లు ఒప్పుకోలేదు, అంతే.

సొంత కంపెనీ లేని నటి అయితే ఆ ఉత్తరం రాసిచ్చి ఉండేది. రాయక ఏం చేస్తుంది?

అడ్డంగా మాట్లాడేవాడు
మరి ఎంజీఆర్‌తో? అక్కడ కూడా సాటి నిర్మాతేనా?

సాలిగ్రామం పాతకాపు
హహ, అదీ మా వీధి కథే. "మలైక్కళ్ళన్", "అలీబాబావుం 40 తిరుడర్గళుం", ఎంజీఆర్‌తో పెద్ద హిట్లు. "నాడోడి మన్నన్" (1958) ఎంజీఆర్ మొదటిసారి డైరెక్టు చేసిన సినిమా, ఆస్తంతా పెట్టి తీశాడు. షూటింగులో ఇద్దరికీ పడలేదు, ఈవిడ తప్పుకున్నారు. కథలో ఆవిడ పాత్రని మధ్యలో చంపేశారు. రెండో సగంలో సరోజాదేవి వచ్చింది, సినిమా కూడా నలుపు తెలుపు నుంచి రంగుల్లోకి మారింది. తమిళనాట ఊరంతా ఎంజీఆర్‌ని దేవుడిలా చూస్తుంటే ఈవిడ ఒక్కతే "మిస్టర్ రామచంద్రన్" అని పిలిచేదని ఇక్కడి పాతవాళ్లు ఇప్పటికీ తల పంకిస్తూ చెప్తారు.

ఆ రామచంద్రనే ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు 1983లో ఆవిడకి కలైమామణి ఇచ్చింది తమిళనాడు ప్రభుత్వం. 80ల్లోనే ప్రభుత్వ సంగీత కళాశాలకి ప్రిన్సిపాల్‌గా కూర్చున్నారు. అన్నాదురై గారు చాలా ముందే "నడిప్పుక్కు ఇలక్కణం" అని బిరుదిచ్చారు, నటనకి వ్యాకరణం అని. తెలుగువాళ్లం మనం ఆవిణ్ణి మన ఆవిడే అనుకుంటాం గానీ తమిళంలో "అన్నై", "అంబికాపతి", "రంగోన్ రాధ" చూసినవాళ్లు ఊరుకోరు.

మిరపబజ్జీ
సంగీత కాలేజీ ప్రిన్సిపాలా? ఇంకా ఏమైనా ఉద్యోగాలు మిగిలాయా? ఇప్పటికి నటి, గాయని, దర్శకురాలు, నిర్మాత, స్టూడియో ఓనరు, రచయిత్రి, ప్రిన్సిపాల్ అయ్యాయి.

పాతపాటలపిచ్చి
సంగీత దర్శకురాలు వదిలేశారు. 1954లో వచ్చిన భరణి వారి "చక్రపాణి"కి సంగీతం ఆవిడదే. (పేరు చూసి విజయా చక్రపాణి గారి మీద సినిమా అనుకునేరు, కాదు.) జాతకాలు కూడా చూసేవారు, అదింకో లెక్క.

నన్నడిగితే వీటన్నిటికీ కింద ఉన్నది గొంతు. ప్లేబ్యాక్ వచ్చాక మన హీరోయిన్లలో చాలామంది పెదవులు కదిపారు, వెనకాల లీల గారో సుశీల గారో పాడారు. ఈవిడ మాత్రం తన వేషానికి తనే పాడుకున్నారు, చివరిదాకా. "మల్లీశ్వరి"లో "పిలచిన బిగువటరా" వినండి. దేవులపల్లి వారి మాట, సాలూరి రాజేశ్వరరావు గారి బాణీ, సరే. కానీ ఆ "ఔరౌరా" అనే చోట నవ్వూ, నిష్ఠూరమూ రెండూ ఒక్క శ్వాసలో వస్తాయి. పాడేది ఒకరు, నటించేది ఇంకొకరు అయితే అది కుదరదు. "విప్రనారాయణ"లో దేవదేవి ముందు సన్యాసిని పడగొట్టడానికి పాడుతుంది, తర్వాత నిజంగా ప్రేమలో పడి పాడుతుంది. రెంటికీ గొంతు బరువు వేరు. "సా విరహే తవ దీనా" దగ్గరకొచ్చేసరికి తోటలో పాడిన ఆ వయ్యారం ఎక్కడా మిగలదు.

"బొబ్బిలి యుద్ధం"లో "శ్రీకర కరుణాలవాల" అంటూ మల్లమ్మదేవి పాడుతుంటే యుద్ధం సినిమా చూస్తున్నానని మర్చిపోతాను నేను.

డల్లాస్ బావ
"తోడూ నీడా"లో ఇంగ్లీషు పాట "కే సెరా సెరా" కూడా పాడారు కదా. 1965లో మన హీరోయిన్ అది పాడటం, అదీ ఎవరి గొంతో అరువు తీసుకోకుండా!

కాంతం గారి చుట్టం
దర్శకత్వం గురించి ఒక మాట. అభిమానం పక్కనపెట్టి చెప్తున్నా. "చండీరాణి" తెగింపు గొప్పదే. కానీ 70ల్లో తీసిన "అంతా మన మంచికే", "విచిత్ర వివాహం", "అమ్మాయి పెళ్లి" అవన్నీ మామూలు సినిమాలే. పాటల కోసం చూడొచ్చు, "నేనే రాధనోయి" ఒక్కటి చాలు. కానీ కథలు రాసేటప్పుడున్న ఒడుపు తెర మీద కనబడదు. పుస్తకంలో ఒక్క వాక్యంలో నవ్వించి తప్పుకుంటారు. సినిమాలో అదే పని చెయ్యడానికి ఒక సీను పడుతుంది, చివర్లో నీతి కూడా ఉంటుంది. 1982లో అందరూ పిల్లలతోనే "భక్త ధ్రువ మార్కండేయ" తీశారు, ఆ సాహసానికి మాత్రం దండం.

అందుకే నా లెక్క ఇది: గాయనిగా మొదటి చోటు, రచయిత్రిగా రెండో చోటు, నటిగా మూడు, దర్శకురాలిగా చాలా కింద. కొట్టకండి.

పాతపాటలపిచ్చి
నటన మూడో చోటా! "మల్లీశ్వరి" చూసిన కళ్లతోనే రాస్తున్నారా ఈ మాట?

కాంతం గారి చుట్టం
చూసిన కళ్లతోనే. మల్లీశ్వరి ఒక్కటి తీసేసి చెప్పండి. చాలా సినిమాల్లో ఆవిడ ఏ వేషం వేసినా భానుమతే కనిపిస్తారు. సావిత్రి మాయమైపోతుంది, ఈవిడ మాయమవ్వరు.

ఓరుగల్లు పిల్ల
మాయమవ్వకపోతే తప్పేంది? అందరు సావిత్రి లెక్కనే చెయ్యాల్నా? "పల్నాటి యుద్ధం"ల నాయకురాలు నాగమ్మ వేషం చూడుండ్రి. ఎదురుగ బ్రహ్మనాయుడు ఎన్టీఆర్. ఆయనను అంత మంది ముంగట నిలబెట్టి మాట్లాడాలంటే మాయమయ్యేటోళ్లు పనికిరారు. "పెద్దరికం"ల గూడ అంతే. ఇంటినిండ మగోళ్లు కొట్టుకు సస్తుంటే ఆ ముసలామె ఒక్క చూపు చూస్తే సినిమా అటు తిరుగుతది.

సాలిగ్రామం పాతకాపు
అమ్మాయి బాగా చెప్పింది. ఇంకోటి గమనించండి. మల్లీశ్వరిలో ఎన్టీఆర్ ఆవిడకి బావ. "తాతమ్మకల" (1974)లో అదే ఎన్టీఆర్ ఆవిడకి మనవడు! ఆ సినిమా డైరెక్టరు కూడా ఎన్టీఆరే, బాలకృష్ణ మొదటి సినిమా అదే. ఆయనకన్నా ఆవిడ రెండేళ్లు చిన్న. వేరే హీరోయిన్ అయితే అవమానంగా తీసుకునేది. ఈవిడ ఆ వేషాన్ని తన సొంతం చేసుకుని, పదేళ్ల తర్వాత బాలకృష్ణకి కూడా బామ్మ అయిపోయారు. హీరోయిన్ వయసు అయిపోయాక మనవాళ్లకి ఏడ్చే తల్లి వేషాలే మిగిలేవి. ఏడవని ముసలమ్మ కోసం కథలు రాయించుకునే స్థితి ఈవిడదొక్కతిదే.

పుస్తకాలపురుగు
ఇది చదువుతుంటే నాకు ఒకటి తట్టింది. కాగితం మీద కోడలి వైపు నిలబడి అత్తగారి పెత్తనం చూసి నవ్వింది. తెర మీద చివరికి ఆ పెత్తనం చేసే ముసలమ్మ ఆవిడే అయింది. మంగమ్మలో, "ముద్దుల మనవరాలు"లో, "బామ్మమాట బంగారుబాట"లో. ఆ డైలాగులు రాసినవాళ్లు అత్తగారి కథలు చదివే రాశారేమో అనిపిస్తుంది.

అడ్డంగా మాట్లాడేవాడు
తేడా ఉంది. కథల్లో అత్తగారు ప్రతిసారీ బోల్తాపడుతుంది. సినిమా బామ్మ ఎప్పుడూ ఓడిపోదు. స్టారు ఓడిపోతే టికెట్లు తెగవు. అందుకే నాకు కాగితం మీది మనిషే నచ్చింది, ఇది మాత్రం ఒప్పుకోవాలి.

డల్లాస్ బావ
ఇది స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి ఎవరైనా. అడ్డంగా గారు ఒప్పుకున్నారు.

కొత్తగా చేరాను
నమస్కారం అందరికీ. "నాలో నేను" గురించి ఎవరూ మాట్లాడలేదు. చదవొచ్చా, లేక సినిమావాళ్ల ఆత్మకథల్లా సన్మానాల జాబితాయా?

కాంతం గారి చుట్టం
చదవండి. సినిమా మీద రాసిన పుస్తకాలకిచ్చే జాతీయ అవార్డు వచ్చింది దానికి. 1966 పద్మశ్రీ, తర్వాత పద్మభూషణ్, రఘుపతి వెంకయ్య అవార్డు, అవన్నీ ఉన్న మనిషి కాబట్టి సన్మానాలు మాట్లాడాలంటే బోలెడు. కానీ బాగున్నది మొదటి భాగం. తండ్రి, పాట నేర్చుకోవడం, మద్రాసుకి చేరడం, రామకృష్ణ గారితో పెళ్లి వ్యవహారం. తన గొప్ప తను చెప్పుకోవడానికి మొహమాటపడరు, అది కొందరికి గుచ్చుకుంటుంది. నాకు గుచ్చుకోలేదు. మన ఆడవాళ్లు రాసుకున్న జీవితచరిత్రల్లో "అంతా ఆయన చలవే" అనే మాట వినీ వినీ ఉన్నాం కదా.

మిరపబజ్జీ
సరే, నేను ఈ శనివారం ఒక్క సినిమా చూస్తాను. మల్లీశ్వరి అనకండి, అందరూ అదే అంటారు. పుస్తకం కూడా ఆర్డర్ పెట్టాను లెండి.

ఓరుగల్లు పిల్ల
పల్నాటి యుద్ధం.

సాలిగ్రామం పాతకాపు
"అంతస్తులు", 1965. నాగేశ్వరరావు, కృష్ణకుమారి, ఈవిడ. అందులో కోసరాజు గారి "దులపర బుల్లోడా" ఉంది, అమ్మాయిల వెంటపడే కుర్రాళ్ల దుమ్ము దులిపే పాట. కె.వి. మహదేవన్ బాణీ. మీ వయసు వాళ్లకి అక్కణ్ణుంచి మొదలుపెడితేనే ఆవిడ ఎక్కుతారు. సౌండ్ పెంచి చూడండి, పక్క ఫ్లాటు వాళ్లు ఏమన్నా అంటే భానుమతి గారి పాట అని చెప్పండి.